వడదెబ్బ నీడలోనూ తగులుతుంది

(స్త్రీల కార్యక్రమంలో ప్రసారమైన ప్రసంగ పాఠం)



రోహిణి కార్తెలో రోళ్ళు పగులుతాయని మన పెద్దలు ఊరికే అనలేదు. ఆదోని, ఎమ్మిగనూరు వైపు కాపురం చేసేవాళ్ళకి ఆ సామెతకి అర్థం విడమర్చి చెప్పనక్కరలేదు. రోళ్ళ మాట అటుంచండి, మధ్యాహ్నం మూడు గంటలకి మిద్దెమీది ట్యాంకు నీళ్ళు చెయ్యి పెట్టనివ్వవు. పడమటి గోడకి చేరగిలబడితే వీపు చురుక్కుమంటుంది. కర్నూలు జిల్లాలో ఈ పడమటి భాగానికి వానా తక్కువే, చెట్టూ తక్కువే. ఏప్రిల్, మే నెలల్లో 42, 43 డిగ్రీలు మనకి కొత్తకాదు.

ఈ ఎండలకి మనం అలవాటుపడిపోయామని అనుకుంటాం. అక్కడే వచ్చింది చిక్కు. వడదెబ్బ అనగానే మన కళ్ళముందు మెదిలేది పొలంలో కూలిమనిషి, మార్కెట్ యార్డులో బస్తాలెత్తే హమాలీ, రోడ్డుమీద తట్ట మోసే ఆడమనిషి. "నేను గడప దాటనే దాటను, నాకేం వడదెబ్బ?" అంటుంది ఇల్లాలు. "మా అత్తగారు మంచం దిగరు, ఆవిడకేం ఎండ?" అంటుంది కోడలు. ఈవేళ మీతో చెప్పదలచుకున్న ముఖ్యమైన మాట ఇదే: వడదెబ్బ నీడలోనూ తగులుతుంది. తలుపులు వేసుకున్న గదిలో, పొయ్యి ముందు, రేకుల కప్పు కింద కూడా తగులుతుంది. అలా తగిలినప్పుడు ముందుగా కనిపెట్టవలసిందీ, ముందుగా ఆదుకోవలసిందీ ఇంటిపట్టున ఉన్న మనమే.

అసలీ వడదెబ్బ ఎలా వస్తుందో చూద్దాం. మన వంటింట్లో మంచినీళ్ళ కుండ ఉంది కదా. ఆ కుండ పైన చెమ్మగా చెమరుస్తుంది. ఆ చెమ్మ గాలికి ఆరుతూ లోపలి వేడిని తీసుకుపోతుంది, అందుకే నీళ్ళు చల్లబడతాయి. మన ఒళ్ళూ అటువంటి కుండే. లోపలి వేడి 37 డిగ్రీలు, అంటే పాతలెక్కలో 98.6 దగ్గర నిలబడాలి. బయట గాలి అంతకంటే వేడిగా ఉన్నప్పుడు ఒంటికి మిగిలిన దారి చెమట ఒక్కటే. చెమట ఆరినంతసేపూ ఒళ్ళు చల్లబడుతుంది. కుండలో నీళ్ళు అయిపోతే? చెమర్చడం ఆగిపోతుంది, కుండ కాలడం మొదలుపెడుతుంది.

ఇక్కడ మన ప్రాంతానికి ఒక విశేషం ఉంది. బందరులోనో, కాకినాడలోనో అయితే గాలిలో తేమ ఎక్కువ. చెమట ధారలు కడుతుంది, చీర ఒంటికి అంటుకుపోతుంది, మనిషికి తెలిసిపోతుంది. మన గాలి పొడిగాలి. చెమట పట్టీ పట్టకముందే ఆరిపోతుంది. "నాకు అసలు చెమటే పట్టదండీ" అని కొందరు గొప్పగా చెప్పుకుంటారు. పట్టడం లేదని కాదమ్మా, కనబడడం లేదు, అంతే. ఎండలో కష్టపడే మనిషి ఒంటినుంచి గంటకి లీటరు నీళ్ళు పోవచ్చు. పోయిన సంగతి మనకి తెలియదు కాబట్టి, తాగాలన్న సంగతీ గుర్తుకు రాదు.

వడదెబ్బ చాలాసార్లు చెప్పకుండా రాదు. ముందు కబురు పంపుతుంది. కాళ్ళ పిక్కలు పట్టేస్తాయి. తల బరువెక్కి నొప్పి పుడుతుంది, కళ్ళు తిరుగుతాయి, వికారంగా ఉండి వాంతి వచ్చేటట్టు ఉంటుంది. చెమట బాగా పోస్తుంది, నీరసం కమ్ముకొస్తుంది. మూత్రం తక్కువై ముదురు పసుపు రంగులో వస్తుంది. ఇది ఎండకి ఒళ్ళు అలిసిపోవడం. ఈ దశలోనే ఆ మనిషిని చల్లని చోట పడుకోబెట్టి, కాళ్ళు కాస్త ఎత్తులో పెట్టి, బట్టలు వదులు చేసి, ఉప్పు వేసిన మజ్జిగో, ఓ.ఆర్.ఎస్. నీళ్ళో కొంచెం కొంచెంగా పట్టిస్తే అరగంటలో తేరుకోవడం మొదలుపెడతారు. తేరుకోకపోతే, వాంతులు ఆగకపోతే ఆలస్యం చేయకుండా డాక్టరుకి చూపించాలి.

దీన్ని పట్టించుకోకపోతే వచ్చేదే అసలు వడదెబ్బ. ఒంటి వేడి 40 డిగ్రీలు, అంటే 104 దాటిపోతుంది. అంత వేడికి మొదట దెబ్బతినేది మెదడు. అందుచేత దీన్ని గుర్తుపట్టడానికి థర్మామీటరు కోసం వెతుక్కోనక్కరలేదు, మనిషి తీరు చూస్తే చాలు. మాట తడబడుతుంది. సంబంధం లేని మాటలు మాట్లాడతారు, చికాకుపడతారు, ఎదురుగా ఉన్నవాళ్ళని పోల్చుకోలేరు. నడిస్తే తూలుతారు. ఫిట్సు రావచ్చు, స్పృహ తప్పవచ్చు. ఒళ్ళు పెనంలా కాలుతుంది. ఇంట్లో ఉన్న ముసలివాళ్ళకైతే చర్మం తరచు పొడిగా ఉంటుంది. కాని ఎండలో కష్టం చేస్తూ పడిపోయినవారికి చెమట పడుతూ కూడా ఉండవచ్చు. "చెమట ఉంది కదా, వడదెబ్బ కాదులే" అనుకోకూడదు. ఒళ్ళు కాలుతూ, తెలివి తప్పుతూ ఉంటే అది వడదెబ్బే అనుకుని పనిలో దిగాలి.

కిందటేడు మా వీధిలో జరిగిన సంగతి ఒకటి చెబుతాను. డెబ్బై దాటిన అవ్వ. ఇంటి వెనక రేకుల గదిలో ఆవిడ మంచం. మధ్యాహ్నం అన్నం వద్దంది. నాలుగింటికి కోడలు కాఫీ తీసుకువెడితే, ఎన్నడో పోయిన తమ్ముణ్ణి పేరు పెట్టి పిలుస్తోంది. కోడల్ని "నువ్వెవరే?" అంది. ఒంటిమీద చెయ్యి వేస్తే కాలిపోతోంది. జ్వరమనుకున్నారు. దుప్పటి కప్పారు, ఫ్యాను ఆపారు, మాత్ర నూరి నీళ్ళలో కలిపి నోట్లో పోయబోయారు. అదృష్టం కొద్దీ పక్కింట్లో ఉద్యోగం విరమించిన నర్సమ్మ ఒకావిడ ఉంది. గడపలోంచే కేక వేసింది: "ముందా దుప్పటి తియ్యమ్మా! మాత్రా వద్దు, నీళ్ళూ పొయ్యొద్దు నోట్లో. బిందె తే, ఫ్యాను వెయ్యి!" ఒకరు 108కి ఫోను చేశారు. ముగ్గురు కలిసి అవ్వని నడవలోకి తెచ్చి తల నుంచి కాళ్ళదాకా తడుపుతూ విసురుతూ ఉన్నారు. బండి వచ్చేసరికి అవ్వ కళ్ళు తెరిచి, "నన్నేందే ఇట్లా తడిపినారు?" అని కోడలి మీద కసిరింది. ఆ కసురు విని కోడలు ఏడ్చేసింది, సంతోషంతోనే లెండి. నాలుగు రోజులు ఆసుపత్రిలో ఉండి అవ్వ ఇంటికి వచ్చింది.

ఆ ఇంట్లోవాళ్ళు నిర్లక్ష్యం చేసినవాళ్ళు కారు. ప్రేమకొద్దీ దుప్పటి కప్పారు. తెలియవలసిన నాలుగు విషయాలు తెలియలేదు, అంతే. అవేమిటో వరుసగా చెబుతాను, కాగితం మీద రాసుకుని వంటింటి తలుపుకి అంటించుకోండి.

మొదటిది, 108కి ఫోను చేయడం. మన రాష్ట్రంలో 2005లో మొదలైన ఈ సర్వీసుకి డబ్బు కట్టనక్కరలేదు. అయితే ఫోను చేసి, బండి కోసం వీధి గుమ్మంలో నిలబడి ఎదురుచూడకూడదు. ఒకరు ఫోను చేస్తుంటే మరొకరు రెండో పని మొదలుపెట్టాలి.

రెండోది, చల్లబరచడం. మనిషిని నీడకి, గాలి ఆడే చోటికి చేర్చి, పైబట్టలు తీసేసి లేదా వదులు చేసి, ఒళ్ళంతా చన్నీళ్ళు పోయాలి. మొహం మీద నాలుగు చుక్కలు చిలకరిస్తే చాలదు. మెడ, ఛాతీ, పొట్ట, తొడలు అన్నీ తడవాలి. తడి ఆరకుండా పోస్తూ, ఫ్యాను వేయాలి. కరెంటు లేకపోతే విసనకర్రతో విసరాలి, అట్టముక్కయినా సరే. ఫ్రిజ్జులో ఐసు ఉంటే గుడ్డలో చుట్టి మెడకి రెండు పక్కలా, చంకల్లో, గజ్జల్లో పెట్టాలి. పెద్ద రక్తనాళాలు అక్కడ చర్మానికి దగ్గరగా ఉంటాయి కాబట్టి రక్తం త్వరగా చల్లబడుతుంది. పనిచేస్తూ పడిపోయిన వయసు మనుషుల్ని, పక్కన మనిషి పట్టుకుని, తల పైన ఉండేటట్టు నీళ్ళతొట్టిలో కూర్చోబెడితే ఇంకా మంచిది. తాగేనీళ్ళే పోయాలని లేదు, వాడుక నీళ్ళయినా చాలు. కాలే ఒంటిమీద చన్నీళ్ళు పోస్తే జన్ని పుడుతుందని కొందరు భయపెడతారు. ఆ మాటకి జంకి ఆగిపోకండి. ప్రాణం తీసేది వేడి, నీళ్ళు కాదు.

మూడోది, నోట్లో పోసే సంగతి. స్పృహ సరిగా లేని మనిషికి నీళ్ళు గాని, కాఫీ గాని, మందు గాని పోయకూడదు. అవి ఊపిరితిత్తుల్లోకి పోతాయి. పక్కకి తిప్పి పడుకోబెట్టాలి, వాంతి అయినా గొంతుకి అడ్డుపడదు. తెలివి వచ్చి, తనంతట తాను గ్లాసు పట్టుకోగలిగితే అప్పుడు కొంచెం కొంచెంగా తాగించవచ్చు.

నాలుగోది, జ్వరం మాత్రలు వద్దు. జ్వరంలో వేడిని పెంచేది ఒళ్ళే, అందుకని మాత్ర పనిచేస్తుంది. వడదెబ్బలో వేడి బయటనుంచి వచ్చి పేరుకున్నది. పారాసిటమాలు దాన్ని దించదు, ఆస్పిరిన్ అయితే హానే చేస్తుంది.

ఇక ఉల్లిగడ్డ సంగతి. మన జిల్లా ఉల్లికి పేరున్న జిల్లా. జేబులో ఉల్లిగడ్డ పెట్టుకుంటే వడ కొట్టదని, అరికాళ్ళకి ఉల్లిరసం రాస్తే దిగిపోతుందని చాలామందికి నమ్మకం. ఉల్లిగడ్డ సద్దిలో నంజుకుంటే రుచీ, బలమూను. కాని జేబులో ఉన్న ఉల్లి ఎండని ఆపలేదు. పడిపోయిన మనిషి పక్కన కూర్చుని ఉల్లిరసం తీస్తూ గడిపే పది నిమిషాలు చాలా ఖరీదైనవి.

ఎందుకింత గట్టిగా చెబుతున్నానంటే, మన ఊళ్ళ దూరాలు మీకు తెలుసు. ఆదోని నుంచి కర్నూలు పెద్దాసుపత్రికి సుమారు 100 కిలోమీటర్లు. ఆదోనిలో ఆసుపత్రి ఉన్నా, చుట్టుపక్కల పల్లెలనుంచి అక్కడికి చేరడానికే గంట పట్టవచ్చు. వడదెబ్బ తగిలిన మనిషి ఒంటివేడిని మొదటి అరగంటలో దించగలిగితే బతికే అవకాశం బాగా పెరుగుతుందని డాక్టర్లు చెబుతారు. ఆ అరగంటా మనిషి ఉండేది ఆసుపత్రిలో కాదు, మన ఇంట్లో, మన చేతుల్లో.

2003 వేసవిలో ఉమ్మడి ఆంధ్రప్రదేశ్‌లో వడగాడ్పులకి మూడువేల మందికి పైగా పోయారు. 2015 మే నెలలో ఒక్క మన ఆంధ్రప్రదేశ్‌లోనే 1,300 మందికి పైగా పోయారు. ఎండ దేశం కాబట్టి మనకే ఇలా అనుకుంటామేమో. అదే 2003 ఆగస్టులో ఫ్రాన్సు దేశంలో ఎండలకి దాదాపు 15,000 మంది చనిపోయారు. వాళ్ళలో ఎక్కువమంది ముసలివాళ్ళు. సెలవులకి పిల్లలు ఊళ్ళు వెళ్ళిపోతే, ఫ్లాట్లలో ఒంటరిగా ఉండిపోయి, అడిగే దిక్కు లేక పోయినవాళ్ళు వారిలో ఎందరో. ఎండకన్నా ఒంటరితనం ముందు చంపిందా అనిపిస్తుంది.

మన ఇళ్ళల్లో ఎవరిని కనిపెట్టుకుని ఉండాలి? ముందు పెద్దవాళ్ళని. వయసు మీదపడితే దాహం తెలియదు, చెమటా సరిగా పట్టదు. "దాహం లేదమ్మా" అంటే వదిలేయకుండా గంటకొకసారి గ్లాసు చేతికివ్వండి. చంటిపిల్లలకి ఆరు నెలలదాకా తల్లిపాలే చాలు, ఎక్కువసార్లు పట్టాలి, తల్లి నీళ్ళు ఎక్కువ తాగాలి. గర్భిణులు, చక్కెర వ్యాధి, గుండెజబ్బు ఉన్నవాళ్ళు జాగ్రత్తగా ఉండాలి. బి.పి.కి మూత్రం ఎక్కువయ్యే మాత్రలు, మానసిక జబ్బులకి వాడే కొన్ని మందులు ఎండకి ఒంటిని ఇంకా బలహీనం చేస్తాయి. అలాగని మందు మనంతట మనం ఆపేయకూడదు, వేసవికి ముందు డాక్టరుని అడగాలి. గుండె, మూత్రపిండాల జబ్బులున్నవాళ్ళు రోజుకి ఎన్ని నీళ్ళు తాగాలన్నదీ డాక్టరుని అడిగే తేల్చుకోవాలి.

బెంగుళూరునుంచి సెలవులకి మనవలు వస్తారు. అక్కడి చల్లదనానికి అలవాటుపడిన పిల్లలు. కొత్త ఎండకి ఒళ్ళు అలవాటుపడడానికి వారం, పదిరోజులు పడుతుంది. వచ్చిన రోజే ఆదోని కొండ, కోట చూపిస్తామని పట్టపగలు ఎక్కించకండి. తెల్లవారుజామున తీసుకువెళ్ళండి. కోట ఎక్కడికీ పోదు.

ఎమ్మిగనూరు సోదరీమణులకి మగ్గం సంగతి నేను చెప్పనక్కరలేదు. 1938లో మాచాని సోమప్పగారు చేనేత సహకార సంఘాన్ని స్థాపించిన ఊరది. పడుగుని వీధిలో సాచి గంజి పెట్టే పని పూర్వంనుంచీ నేతవాళ్ళు పొద్దెక్కకముందే ముగిస్తారు. ఎండతో తగువు పెట్టుకోకుండా పని జరుపుకునే తెలివి అది. అదే తెలివిని మగ్గానికీ వర్తింపజేస్తే బాగుంటుంది. పొడిగాలికి పోగు తెగుతుందని తలుపులు మూసుకుని నడిమధ్యాహ్నం గుంటలో కూర్చోవడం కంటే, తెల్లవారుజామున మొదలుపెట్టి పన్నెండుకి లేచి, మళ్ళీ నాలుగున్నరకి కూర్చోవడం మేలు.

మన సంగతో? ఇంట్లో అందరికీ మజ్జిగ కలిపి ఇచ్చి, అడుగున మిగిలితే తాగేది మనమే. పన్నెండు గంటలకి ఒక పక్క పొయ్యి మంట, ఇంకోపక్క కాలే గోడ, మధ్యన మనం. మిరపకాయలు ఎండబెట్టడం, వడియాలు పెట్టడం, ఊరగాయ ముక్కలు ఆరబోయడం అన్నీ మిద్దెమీద, అన్నీ మే నెలలోనే. ఇవేవీ మానెయ్యమని నేను చెప్పను, మానలేం కూడా. వేళ మార్చుకుందాం. పొద్దున ఏడులోపల మిద్దె పని కానిచ్చేసి, తీసుకురావడానికి సాయంత్రం అయిదు దాటాక ఎక్కుదాం. వంట తొమ్మిదిలోపల అయిపోతే మధ్యాహ్నం పొయ్యి వెలిగించే పని ఉండదు. ఇంకొక మాట, చెప్పడానికి కాస్త మొహమాటంగా ఉన్నా చెప్పాలి. బస్సు ప్రయాణంలోనో, పనిచేసేచోటనో మరుగు సదుపాయం లేదని మనలో చాలామంది నీళ్ళే తాగకుండా గడుపుతారు. వడదెబ్బకి మనమే తలుపు తీసినట్టు అది. ఆ సదుపాయం కోసం అడగడానికి సిగ్గుపడనక్కరలేదు.

తాగడానికి ఖరీదైన పానీయాలు అక్కరలేదు. రాగి అంబలి, ఉప్పు వేసిన పల్చని మజ్జిగ, నిమ్మరసం, మన సీమ నన్నారి షర్బత్, నానబెట్టిన సబ్జాగింజలు ఉండనే ఉన్నాయి. శ్రీరామనవమికి పానకం, వడపప్పు పంచిపెట్టిన పెద్దలకి కాలం తెలుసు. ఓ.ఆర్.ఎస్. పెద్ద పొట్లం ఒక లీటరు కాచి చల్లార్చిన నీళ్ళలో మొత్తం ఒకేసారి కలపాలి, చిటికెడు చిటికెడు వాడకూడదు. పొట్లం లేకపోతే లీటరు నీళ్ళకి ఆరు చిన్న చెంచాల చక్కెర, అర చెంచా ఉప్పు, తలకొట్టి కొలవాలి. కలిపింది ఆ రోజే వాడాలి. మద్యం అసలు పనికిరాదు, ఒంట్లో ఉన్న నీటిని అది బయటికి పంపేస్తుంది. ఈ మాట ఇంట్లో మగవాళ్ళు వినేటట్టు రేడియో కాస్త పెద్దది చేయండి.

ఇల్లు చల్లగా ఉంచుకునే సంగతి. మన పాత మట్టి మిద్దెలు, పైన గవాచితో, మందపు గోడలతో మధ్యాహ్నం కూడా చల్లగానే ఉండేవి. ఇప్పటి సిమెంటు కప్పు పగలంతా వేడి తాగి రాత్రంతా మనమీదకి వదులుతుంది. రాత్రి ఒళ్ళు చల్లబడకపోతే మర్నాడు ఎండకి తట్టుకోలేదు. మిద్దెమీద తెల్లసున్నం రెండుపూతలు వేయిస్తే కప్పు కింద వేడి తగ్గుతుంది. ఇది చిట్కా అని తీసిపారేయకండి. ఇటువంటి చల్లని కప్పుల కోసం తెలంగాణ ప్రభుత్వం 2023లో ప్రత్యేక విధానమే తెచ్చింది. పొద్దున తొమ్మిదికల్లా ఎండపక్క కిటికీలు మూసి, రాత్రికి తెరవాలి. మన పొడిగాలిలో తడి గోనెపట్టా, వట్టివేళ్ళ తడిక, కూలరు బాగా పనిచేస్తాయి, వెనక ఒక కిటికీ తెరిచి ఉండాలి సుమా. బాగా కాగిన గదిలో ఉత్త ఫ్యాను వేడిగాలినే మనమీదకి తోస్తుంది. ఒళ్ళు తడుపుకుని దానికింద కూర్చుంటేనే ఉపయోగం. రేకుల గదిలో ముసలివాళ్ళ మంచం వేసి ఉంటే, ఈ రెండు నెలలూ నడవలోకి మార్చండి.

2010లో అహమ్మదాబాదులో ఎండలకి చాలామంది పోయాక, 2013లో ఆ ఊరివాళ్ళు ఒక ప్రణాళిక వేసుకున్నారు. ముందుగా హెచ్చరించడం, ఆసుపత్రుల్ని సిద్ధంచేయడం, చలివేంద్రాలు పెట్టడం, ఇవే అందులో ముఖ్యమైనవి. మన రాష్ట్రంలో కూడా విపత్తుల నిర్వహణ సంస్థ మండలాల వారీగా వడగాడ్పుల హెచ్చరికలు ఇస్తోంది. ఆ హెచ్చరిక విన్నరోజు వీధికొక ప్రణాళిక మనమూ వేసుకోవచ్చు. మీ వీధిలో ఒంటరిగా ఉండే పెద్దవాళ్ళు ఎవరు? కొడుకూ కోడలూ సుగ్గికి గుంటూరు వైపు పోతే మనవడితో గుడిసెలో ఉండిపోయిన అవ్వ ఉందా? మధ్యాహ్నం రెండింటికి ఒకసారి, నాలుగింటికి ఒకసారి తలుపు తట్టి, "అవ్వా, నీళ్ళు తాగినావా?" అని అడగండి. జవాబు సరిగ్గా వచ్చిందా లేదా అన్నది కూడా వినండి. మీ ఇంట్లో అంట్లు తోమే అమ్మాయిని ఈ రెండు నెలలూ పొద్దున్నే రమ్మనండి, వచ్చినప్పుడూ వెళ్ళేటప్పుడూ ఒక గ్లాసు మజ్జిగ ఇవ్వండి. వాకిట్లో చెట్టు నీడన ఒక కుండ నీళ్ళు పెట్టండి.

ఎండని మనం తగ్గించలేం. మనిషి కాగిపోతున్నప్పుడు దుప్పటి కప్పే చేతిని బిందె వైపు మళ్ళించగలం. అంతవరకూ మన చేతిలో ఉంది.